చెమట నీట నొప్పిన ఉప్పు: ఒక ముక్తకానికి టీకా తాత్పర్యం

అవతారిక

ఇది ముక్తకం. అంటే ముందూ వెనకా కథ లేని ఒంటరి పద్యం. రసాయనశాస్త్ర ప్రయోగశాలలో అలమరా తలుపు లోపలివైపు పెన్సిలుతో రాసే జాతికి చెందింది. కర్త పేరు తెలియదు. కాలం విషయంలో పండితులు రెండుగా చీలారు. ‘నాఁగ’ అనే మాటను పట్టుకొని నన్నయ కాలమని ఒక పక్షం, ‘డెలిక్వెసెంటు’ అనే మాటను పట్టుకొని ఇంటర్మీడియెట్ ప్రాక్టికల్స్ కాలమని ఇంకో పక్షం. వ్యాఖ్యాత రెండో పక్షం.

ఆ.వె.
ఉప్పు జాడి మూత యూడిన దినమందె
గాలిలోని తేమ కలిసి కలిసి
కనుక దీని పేరు కల్లగాదు డెలిక్వె
సెంటు నాఁగ నొప్పెఁ జెమట నీట

ప్రతిపదార్థం

ఉప్పు జాడి మూత = లవణ భాండానికి పై కప్పు; ఊడిన దినమందె = తొలగిన ఆ రోజే (ఎవరు తొలగించారో కవి చెప్పలేదు, గృహశాంతి కోసం); గాలిలోని తేమ = వాయువులో ఉన్న నీటి ఆవిరి; కలిసి కలిసి = మొదట అంటి, తర్వాత వదలక; చెమట నీటన్ = తన ఒంటి మీద తానే పుట్టించుకొన్న నీటిలో; డెలిక్వెసెంటు నాఁగన్ = డెలిక్వెసెంట్ అనగా; ఒప్పెన్ = ప్రకాశించింది; కనుక = అందుచేత; దీని పేరు = ఈ విశేషణం; కల్లగాదు = అబద్ధం కాదు.

తాత్పర్యం

మూత తీసిన జాడీలో ఉప్పు గాలిలోని తేమను పీల్చుకొని, ఆ తేమలోనే తాను కరిగి నీరైపోయింది. ఇలా చేసే పదార్థాన్ని శాస్త్రజ్ఞులు డెలిక్వెసెంట్ అంటారు. పేరు సార్థకం.

విశేషాలు

*ఛందస్సు.* ‘డెలిక్వెసెంటు’లో డె లఘువు, లి గురువు. ఆటవెలదిలో వాడే సూర్యగణాల్లోగాని ఇంద్రగణాల్లోగాని లఘువు మీద వెంటనే గురువుతో మొదలయ్యేది ఒక్కటీ లేదు. అంచేత ఈ మాట ఏ గణానికీ తొలి మాటగా నిలవదు. కవి ముందు ‘దు’ అనే లఘువును కాపలా పెట్టి ‘దుడెలిక్వె’ అని సలగణం సాధించాడు. మిగిలిన ‘సెంటు’ మూడో పాదంలో పట్టక నాలుగో పాదంలోకి కారింది. కరిగిపోవడం గురించిన మాట తానే పాదం దాటి కారడం ఈ పద్యంలోని చమత్కారం. కవికి వేరే దారి లేక అలా జరిగిందనేవారు అరసికులు.

*వ్యాకరణం.* కర్త ఏడీ అని శంక. పద్యమంతా వెతికినా ‘ఉప్పు’ జాడీకి విశేషణంగా సమాసంలో ఇరుక్కుందే తప్ప, ‘ఒప్పెన్’ అనే క్రియకు కర్తగా ఎక్కడా కనబడదు. సమాధానం: కర్త రెండో పాదంలోనే కరిగిపోయాడు. నాలుగో పాదంలో వెతకడం దండగ.

*ఆమ్రేడితం.* ‘కలిసి కలిసి’ పాదపూరణకు వేసింది కాదు. ఇందులో రెండు దశలున్నాయి. మొదటి ‘కలిసి’తో ఉప్పు రేణువు మీద కంటికి ఆనని నీటి పొర ఏర్పడుతుంది. ఆ పొరలో ఉప్పు కరిగి సంతృప్త ద్రావణం అవుతుంది. ఆ ద్రావణం మీది ఆవిరి పీడనం చుట్టూ గాలిలో ఉన్న నీటి ఆవిరి పీడనం కంటే తక్కువైతే, నీళ్లు గాలి నుంచి ద్రావణంలోకి వస్తూనే ఉంటాయి. ఇది రెండో ‘కలిసి’. రేణువు పూర్తిగా కరిగేదాకా, కరిగాక కూడా ద్రావణం పలచబడి రెండు పీడనాలూ సమానమయ్యేదాకా, ఈ రాక ఆగదు. రెండో ‘కలిసి’ లేని పదార్థం హైగ్రోస్కోపిక్ మాత్రమే. ఈ భేదం మీదే ఈ విశేషణం బతుకుతోంది.

*సజాతీయ భేదం.* హైగ్రోస్కోపిక్ అంటే తేమను తీసుకొనేది. దూది, చెక్క, డబ్బాలో మెత్తబడే బిస్కట్టు, కొత్త చెప్పుల పెట్టెలో దొరికే సిలికా జెల్ పొట్లం, అన్నీ ఈ కులమే. ఎంత తేమ తిన్నా వీటి ఆకారం నిలుస్తుంది. డెలిక్వెసెంట్‌కు ఆకారం నిలవదు. ఎఫ్లోరెసెంట్ దీనికి శత్రుపక్షం. చాకలి సోడా స్ఫటికం పది నీటి అణువులతో మెరుస్తూ ఉండి, పొడిగాలి తగిలితే నీళ్లు వదిలేసి తెల్ల పొడిగా రాలుతుంది. మొదటిది తీసుకొనేది, రెండోది మునిగేది, మూడోది వదిలేది. తెలుగు కన్నీళ్లకు వాడే ‘చెమ్మగిల్లు’ మొదటిదాని దగ్గరే ఆగుతుంది, ‘నీరుగారు’ రెండోదాని దాకా వెళుతుంది.

*పాఠాంతరం.* ఒక ప్రతిలో ‘కల్లుగాదు’ అని ఉంది. జాడీ అడుగున తేరిన ద్రవాన్ని చూసి ఆశపడేవారికి హెచ్చరిక అని దాని సమర్థకుల వాదం. గణం చెడదు, యతీ చెడదు. పైగా డెలిక్వెసెంట్‌కు మూలమైన లాటిన్ ధాతువే లిక్కర్‌కూ మూలం. కాబట్టి పాఠాంతరాన్ని తోసిపుచ్చడం కష్టం. తాగి చూడటం మాత్రం కూడదు.

ప్రథమ శంక: ఉప్పు నిజంగా డెలిక్వెసెంటేనా?

ఇక్కడ కవి మీద గట్టి ఆక్షేపం ఉంది. ప్రతి లవణానికీ ఒక గడప ఉంటుంది. గాలిలో సాపేక్ష ఆర్ద్రత ఆ గడప దాటితేనే అది కరగడం మొదలవుతుంది. 25 డిగ్రీల సెల్సియస్ దగ్గర శుద్ధ సోడియం క్లోరైడ్ గడప సుమారు 75 శాతం. పొటాషియం క్లోరైడ్‌ది 84. మెగ్నీషియం క్లోరైడ్‌ది 33 మాత్రమే, కాల్షియం క్లోరైడ్‌ది ఇంకా తక్కువ, 29 ప్రాంతం. అనంతపురంలో ఏప్రిల్ మధ్యాహ్నం ఆర్ద్రత 33 కిందికి దిగడం మామూలే కాబట్టి అక్కడ మెగ్నీషియం క్లోరైడ్ కూడా బుద్ధిగా కూర్చుంటుంది. శ్రావణమాసంలో మచిలీపట్నంలోనో కాకినాడలోనో 75 తరచు దాటుతుంది కాబట్టి శుద్ధమైన ఉప్పూ నిలవదు.

చిక్కంతా ఈ రెంటి మధ్య ఉంది. ఆర్ద్రత 60 ఉన్న రోజున శుద్ధ లవణం పొడిగా ఉండాలి. మన కల్లుప్పు మాత్రం ఆ రోజూ తడిగానే ఉంటుంది. కారణం సముద్రం. సముద్రపు నీటిలో సోడియం క్లోరైడ్‌తో పాటు మెగ్నీషియం లవణాలూ ఉంటాయి. నౌపడలోనో చినగంజాంలోనో ఇస్కపల్లిలోనో మడుల్లో నీరు ఇంకి ఉప్పు పేరినప్పుడు, మిగిలిన చేదునీరు గింజల మధ్య కాస్తో కూస్తో అంటుకొని ఉండిపోతుంది. అందులోని మెగ్నీషియం క్లోరైడ్ చెమటోడుస్తుంది, నింద సోడియం మీద పడుతుంది.

ఉప్పు పండించేవాళ్లు ఈ దుర్గుణాన్నే పనికి పెట్టారు. ఉప్పును గుట్టలుగా పోసి కొన్నాళ్లు వదిలేస్తే, మెగ్నీషియం క్లోరైడ్ గాలిలోని తేమను లాక్కొని, తాను ముందు నీరై, గుట్ట అడుగుకు జారి నేలలోకి దిగిపోతుంది. పైన మిగిలే ఉప్పు మునుపటికంటే శుద్ధంగా ఉంటుంది. మలినం తన స్వభావం వల్లనే తాను బయటికి పోతుంది.

సమాధానం: కవి ‘ఉప్పు’ అన్నాడు గాని ‘సోడియం క్లోరైడ్’ అనలేదు. కాబట్టి పేరు కల్ల కాదు. సగం మాత్రమే నిజం.

ద్వితీయ శంక: ఇంత అరుదైన మాటతో ఎవరికి పని?

ప్రయోగశాలలో సోడియం హైడ్రాక్సైడ్ బిళ్లలు తూచినవారికి పని. కాగితం మీద పోసిన తెల్లని బిళ్లలు నిమిషాల్లో నిగనిగలాడతాయి, ఒకదానికొకటి అతుక్కుంటాయి, కాగితాన్ని తడిపి తూనిక పళ్లేన్ని పట్టుకుంటాయి. తూచింది క్షారమా నీళ్లా తెలియదు. గాలిలోని కార్బన్ డయాక్సైడ్‌ను కూడా ఇవి వదలవు. అందుకే ఈ బిళ్లలతో చేసిన ద్రావణం గాఢతను తూకంతో నమ్మరు. ఆక్సాలిక్ ఆమ్లంతో అంశమాపనం చేసి రాబట్టడం ఇంటర్ విద్యార్థులకు కంఠోపాఠం.

మందుగుండు చేసేవారికి పని. సోడియం నైట్రేట్ గడప సుమారు 74, సురేకారం అనే పొటాషియం నైట్రేట్‌ది 90 పైన. చవకని మొదటిదాన్ని కలిపితే వానాకాలంలో టపాకాయ తుస్సుమంటుంది. అందుకే బాణసంచా మందులో సురేకారానికే పీట.

ఐరోపా రసవాదులకూ పని పడింది. వాళ్లు టార్టార్‌ను కాల్చగా వచ్చిన పొటాషియం కార్బొనేట్‌ను చల్లని నేలమాళిగలో పెట్టి, దానంతట అది ద్రవమయ్యాక ‘టార్టార్ నూనె’ అని పిలిచేవారు. అది నూనె కాదు, ఉప్పునీళ్ల చుట్టమే.

వ్యాపారులకు పని. ‘ఉప్పమ్మబోతే వాన, పిండి అమ్మబోతే గాలి’ అని తెలుగువాళ్లు తల పట్టుకొన్నచోట, అమెరికాలో మోర్టన్ కంపెనీ 1911లో ఉప్పులో మెగ్నీషియం కార్బొనేట్ కలిపి, వాన పడినా మా ఉప్పు జలజల రాలుతుందనే అర్థంలో 1914లో ప్రచారం మొదలుపెట్టింది. మెగ్నీషియమే తెచ్చిన జబ్బుకు ఇంకో మెగ్నీషియం మందైంది. క్లోరైడ్ రూపంలో కరిగిపోయే లోహం కార్బొనేట్ రూపంలో నీటికి లొంగదు.

చిలీ దేశపు అటకామా ఎడారిలో కొన్ని జీవులకైతే ప్రాణావసరం. వాన దాదాపు ఎరగని ఆ నేల మీద ఉప్పు గడ్డల లోపల సయనోబాక్టీరియా బతుకుతున్నాయి. రాత్రి గాలిలో ఆర్ద్రత పెరిగినప్పుడు ఉప్పు చెమర్చిన నీరే వాటికి ఆధారం. జాడీలో అపరాధం అనిపించుకొన్న గుణం అక్కడ అన్నదానం.

తృతీయ శంక: ఈ విశేషణానికి అర్థం ఒక్కటేనా?

మూడు. రసాయనార్థం పైన చూశాం. వృక్షశాస్త్రంలో, ప్రధాన కాండం కొంత ఎత్తుకు లేచి, తర్వాత కొమ్మలుగా చీలి, అందులో కాండమేదో కొమ్మేదో తెలియకుండా కలిసిపోయే చెట్టు డెలిక్వెసెంట్. మామిడి, మర్రి, చింత ఈ వర్గం. చివరిదాకా కాండం నిటారుగా సాగే సరుగుడు ఎక్స్‌కరెంట్. కొమ్మలే లేని తాటి, కొబ్బరిది కాడెక్స్. మామిడి చెట్టును ఎంత తడిపినా కరగదు. కరిగేది కాండం తాలూకు వ్యక్తిత్వం.

శిలీంధ్రశాస్త్రంలో మూడో అర్థం. సిరా పుట్టగొడుగులు అనే జాతి ఉంది. సిద్ధబీజాలు పండగానే గొడుగు కింది మొప్పలు అంచు నుంచి మొదలుపెట్టి తమను తామే జీర్ణం చేసుకొని, నల్లని ద్రవంగా బొట్టు బొట్టు కారిపోతాయి. అంచు తొలగితే లోపలి సిద్ధబీజాలకు గాలి దారి దొరుకుతుంది. ఆ ద్రవంతో పూర్వం రాసేవారు కూడా. ఇక్కడ బయటి తేమతో పని లేదు, నాశనం లోపలి ఎంజైముల వల్ల.

మూడు అర్థాలకూ ఉమ్మడి సూత్రం ఒకటే: ఆకారం తన హద్దును తానే వదులుకోవడం.

ప్రయోగ విధి

మనుషులకు, సంస్థలకు ఈ మాట వాడవచ్చునా? వాడవచ్చు, అర్థం ఎంచుకొని. ఒక కమిటీ వేశారనుకోండి. అది ఉపకమిటీలుగా చీలి, ఉపకమిటీలు బృందాలుగా చీలి, చివరికి అసలు కమిటీ ఎక్కడుందో కనబడకపోతే అది వృక్షశాస్త్రార్థంలో డెలిక్వెసెంట్. నిక్కచ్చిగా మొదలై, చుట్టుపక్కల వాతావరణం గడప దాటిన రోజున నీరుగారిపోతే రసాయనార్థం. తన్ను తాను తినేసి, సిరాను, అంటే నివేదికను మాత్రమే మిగిల్చిపోతే శిలీంధ్రార్థం. ఒకే కమిటీ మూడు అర్థాల్లోనూ సిద్ధించడం శాస్త్రవిరుద్ధం కాదు.

అయితే మూత తీసి పెట్టిన ప్రతిదాన్నీ ఈ పేరుతో పిలవరాదు. బెల్లం జిగురుకట్టినా, అప్పడం మెత్తబడినా, సర్టిఫికెట్టు అంచు ముడుచుకొన్నా అది హైగ్రోస్కోపిక్ లక్షణం. పూర్తిగా ద్రవమయ్యేదాకా ఆగి, అప్పుడు పేరు పెట్టాలి. గడప సంఖ్య చెప్పకుండా వాడితే ఆ విశేషణం ఒట్టి తిట్టవుతుంది.

ఫలశ్రుతి

ఈ టీకను శ్రావణంలో చదివినవారు జాడీలో నాలుగు బియ్యపు గింజలు వేస్తారు. బాలింతలూ బడిపిల్లలూ ఉన్న ఇంట చదివితే మూత బిగించడం నేర్చుకొంటారు. ఎందుకంటే మన దేశంలో ఉప్పులో అయొడిన్‌ను పొటాషియం అయొడేట్‌గా కలుపుతారు, కొనేవారి చేతికి వచ్చేసరికి అది 15 పీపీఎంకు తగ్గరాదని నియమం. తడిసిన ఉప్పులో అది నిలవదు.

అంగట్లో చదివినవారికి తూకంలో నీళ్లెన్నో ఉప్పెంతో వివేకం కలుగుతుంది. వంటింట్లో చదివినవారికి, చారులో ఉప్పు తక్కువైందని ఎవరైనా అన్నప్పుడు, చెంచాడు ఉప్పులో పావు వంతు గాలి తేమేనని చెప్పుకోవడానికి శాస్త్రీయమైన సాకు దొరుకుతుంది. ఆ సాకు ఒక్కసారే పనిచేస్తుంది. రెండోసారి, మూత తీసి వదిలిందెవరన్న విచారణ మొదలవుతుంది.