ముందు లిమిటు, తరువాత లెక్క

బ్యాంకు అప్పు మంజూరు కోసం ఆర్థిక నివేదికలను విశ్లేషించే విద్యకు భాగహారం వస్తే చాలు. అనుమానించే అలవాటు ఉంటే మాత్రం అభ్యాసం ఆలస్యమవుతుంది. కొత్తగా చేరిన అధికారులకు శిక్షణ తరగతుల్లో రేషియోలు నేర్పుతారు. ఆ రేషియోలే ఆడిటరు ఆఫీసులో పనిచేసే కుర్రాళ్లకు అంతకన్నా బాగా వచ్చన్న సంగతి పాఠంలో ఉండదు. అక్కడ కావలసిన రేషియో నుంచి బ్యాలెన్స్ షీటు పుడుతుంది, ఇక్కడ ఆ బ్యాలెన్స్ షీటు నుంచి అదే రేషియోను బయటికి తీస్తారు. రెండూ కలిస్తే విశ్లేషణ పూర్తయినట్టు.

ఈ విద్యకు మూలగ్రంథం సీఎంఏ డేటా, అంటే అప్పు అడిగేవారు బ్యాంకుకు ఇచ్చే అంకెల పట్టికలు. అందులో ఆరు ఫారాలు, చాలావాటిలో గతానికీ వర్తమానానికీ భవిష్యత్తుకూ వేర్వేరు కాలమ్‌లు. ఆడిటైన కాలమ్ కింద సంతకం ఉంటుంది కాబట్టి అందులో అంకెలు కాస్త బిడియంగా ఉంటాయి. ప్రొజెక్టెడ్ కాలమ్‌కు ఆ బాధ లేదు. అప్పు ఆ కాలమ్‌ను చూసే ఇస్తారు.

చిన్న పరిశ్రమలకు వర్కింగ్ క్యాపిటల్ లెక్క సులువు కావాలని 1990ల తొలి ఏళ్లలో నాయక్ కమిటీ ఒక సూత్రం చెప్పింది: అంచనా టర్నోవరులో 25 శాతం అవసరం, టర్నోవరులో 20 శాతం బ్యాంకు ఇవ్వాలి, 5 శాతం యజమాని తెచ్చుకోవాలి. ఉద్దేశం మంచిది. దాన్ని తిరగేసి వాడవచ్చని కనిపెట్టిన ఘనత కమిటీది కాదు. మిర్యాలగూడలో ఒక రైస్ మిల్లును ఊహించుకుంటే, దాని టర్నోవరు 6 కోట్లు, ఉన్న బ్యాంకు అప్పు లిమిటు కోటీ 20 లక్షలు. యజమానికి 2 కోట్లు కావాలి. రెండును ఐదుతో హెచ్చిస్తే పది. అంటే వచ్చే ఏడాది టర్నోవరు 10 కోట్లు. అవే యంత్రాలు, అదే గోదాము, అదే హమాలీ ముఠా. వడ్ల రాబడి మాత్రం ఫారంలో పెరిగింది. ఎలా పెరుగుతుందని అడిగితే వ్యాపార విస్తరణ అవకాశాలని ఒక వాక్యం వస్తుంది, అది ప్రపోజల్‌లో యథాతథంగా దిగుతుంది. జీఎస్టీ వచ్చాక రిటర్నులు కూడా చూపించాల్సి వస్తోంది. దానికి మూడు సోదర సంస్థలు సరిపోతాయి. బియ్యం గోదాము గడప దాటకుండానే బిల్లులు ముగ్గురి మధ్య తిరిగి, ముగ్గురి టర్నోవరూ పెరుగుతుంది.

ఇక కరెంట్ రేషియో, అంటే కరెంట్ ఆస్తులను కరెంట్ అప్పులతో భాగిస్తే వచ్చేది. 1974లో వేసిన టాండన్ కమిటీ, కరెంట్ ఆస్తుల్లో కనీసం నాలుగో వంతు దీర్ఘకాలిక నిధుల నుంచి రావాలంది. ఆ లెక్కన పుట్టినదే 1.33. ఈ పద్ధతి తప్పనిసరి కాదని రిజర్వు బ్యాంకు 1997లోనే చెప్పినా అంకె మాత్రం కదల్లేదు. పై మిల్లుకు కరెంట్ ఆస్తులు 3.60 కోట్లు, కరెంట్ అప్పులు 3 కోట్లు అనుకుంటే రేషియో 1.20, మేనేజరు ముఖం చిట్లిస్తాడు. మార్చి 31న తోడల్లుడి సంస్థ తన బాకీ కోటీ 20 లక్షలు చెల్లిస్తుంది. అదే రోజు ఆ సొమ్ము బావమరిది సంస్థకు సరుకు బాకీ కింద వెళ్తుంది. మిగిలినవి 2.40 కోట్ల ఆస్తులు, 1.80 కోట్ల అప్పులు. భాగిస్తే సరిగ్గా 1.33. ఏప్రిల్ మొదటి వారంలో సొమ్ము వచ్చిన దారినే తిరిగి వెళ్తుంది. మిల్లుకు ఒక్క రూపాయి కొత్తగా రాలేదు. చుట్టరికం పనికొచ్చింది.

స్టాకు తనిఖీ ఇంతకన్నా తేలిక. కస్టమ్ మిల్లింగ్ కోసం పౌరసరఫరాల సంస్థ అప్పగించిన వడ్లు సర్కారువి. కానీ గోదాములో వడ్లు వడ్లే, ఫలానావారివని గింజ మీద రాసి ఉండదు. బస్తాలు లెక్కపెట్టి స్టాకు మీద తీసుకోగల అప్పు పరిమితి, అంటే డ్రాయింగ్ పవర్, లెక్క కట్టేసరికి, సర్కారు ధాన్యం మీద మిల్లరుకు బ్యాంకు అప్పిచ్చినట్టవుతుంది.

నగదును అనుమానించకూడదని కూడా విద్యార్థి నేర్చుకుంటాడు, ఆస్తుల్లో అదే నికరం కనుక. సత్యం కంప్యూటర్స్ 2008 సెప్టెంబరు చివరి బ్యాలెన్స్ షీటులో నగదు, బ్యాంకు నిల్వలు 5,361 కోట్లు. అందులో 5,040 కోట్లు లేనే లేవని చైర్మన్ రామలింగరాజు 2009 జనవరి 7న తానే లేఖ రాశారు. అంతకుముందు ఆ అంకెలతో రేషియోలు కట్టినవారి భాగహారంలో తప్పేమీ లేదు.

సిలబస్‌లో ఊసులేని పరిశీలనలు రెండున్నాయి. 6 కోట్ల అమ్మకాలు జరిగిన మిల్లు క్యాష్ క్రెడిట్ (సీసీ) ఖాతాలో ఏడాది జమలెన్ని? జవాబు బ్యాంకు కంప్యూటర్‌లోనే ఉంది. ఎన్ని క్వింటాళ్లు ఆడించారో కరెంటు మీటరుకు తెలుసు, యూనిట్లను గత ఏళ్లతో పోల్చితే చాలు. వీటికి పేరున్న రేషియో లేదు. పైగా జవాబు నచ్చకపోతే ఆ బ్రాంచి అప్పుల టార్గెట్ తప్పుతుంది.

బకాయి 90 రోజులు దాటాక ఖాతా మొండి బాకీ (ఎన్‌పీఏ) అవుతుంది, సిబ్బంది బాధ్యతపై విచారణ మొదలవుతుంది. విచారణాధికారి ఫైలులో 1.33 చూసి, నిబంధనలు పాటించారని రాస్తాడు. విశ్లేషణ కాపాడిన ఆస్తి మంజూరు చేసినవారి ఉద్యోగమొక్కటే. తరువాత అప్పును తిరగరాయడానికి మిల్లరును మళ్లీ ఐదేళ్ల ప్రొజెక్షన్లు అడుగుతారు. రాబడి వాయిదాలకు ఎన్ని రెట్లు ఉందో చెప్పే డీఎస్‌సీఆర్ ఫలానా అంకె ఉండాలంటారు. కొత్త వాయిదా ఎంతో చెబితే, దానికి ఎంత లాభం రావాలో ఆడిటరు ఆఫీసు కుర్రాడు అరగంటలో చెబుతాడు.