'త్వరలో' అనే తిథి

మన విశ్వవిద్యాలయాలకు కాలం విలువ తెలియదంటే నేను ఒప్పుకోను. పరీక్ష ఫీజు గడువు దాటితే అపరాధ రుసుము ఎంతో, ఇంకో వారం దాటితే ఎంతో, రూపాయితో సహా నోటిఫికేషన్‌లో అచ్చేస్తారు. రీవాల్యుయేషన్ దరఖాస్తుకు ఆఖరి తేదీ కూడా అంత కచ్చితంగానే ఉంటుంది. ఫలితం దగ్గరికొచ్చేసరికి మాత్రం 'త్వరలో' అనే తిథి మొదలవుతుంది. అది ఏ పంచాంగంలోనూ దొరకదు. ఈలోగా సప్లిమెంటరీ ఫీజు కట్టే రోజు నెత్తిమీదికొస్తుంది. పాసయ్యాడో లేదో తెలియని కుర్రాడు ఎందుకైనా మంచిదని ఆ ఫీజూ కట్టి, అదే పరీక్ష మళ్లీ రాసి ఇంటికొస్తాడు. అప్పుడు తీరిగ్గా తెలుస్తుంది, మొదటిసారే పాసయ్యాడని. రెండో ఫీజు ఊసు ఆ ఫలితాల కాగితంలో ఉండదు.

ఇలాంటివాడు కోర్టుకెక్కితే తప్పులేదని నా వాదన. కాకపోతే ఏమడగాలో తెలిసి ఎక్కాలి. నిబంధనల్లో లేకపోతే రీవాల్యుయేషన్ హక్కు కాదని మహారాష్ట్ర బోర్డు కేసులో సుప్రీంకోర్టు 1984లోనే తేల్చేసింది. వినియోగదారుల ఫోరానికి వెళ్దామా అంటే, ఫీజు కట్టినంత మాత్రాన విద్యార్థి వినియోగదారుడైపోడనీ, పరీక్షలు పెట్టే బోర్డు సేవలు అమ్మడం లేదనీ 2009లో బీహార్ బోర్డు కేసులో అదే కోర్టు చెప్పింది. సేవ అందడం లేదన్న ముక్క విద్యార్థులకు అంతకుముందే తెలుసు, అది వేరే సంగతి. దిద్దిన జవాబుపత్రాన్ని సమాచార హక్కు కింద చూసుకోవచ్చని 2011లో తీర్పొచ్చింది కాబట్టి, మార్కులు ఎక్కడ పోయాయో కళ్లారా చూసుకునే భాగ్యం మిగిలింది. ఇక ఆలస్యానికంటూ ఉన్న మందు 226వ అధికరణం కింద హైకోర్టులో వేసే రిట్. అందులో మార్కులు అడగక్కర్లేదు, తేదీ అడిగితే చాలు.

వాయిదాల మీద బతికే కోర్టులా ఆలస్యానికి మందిచ్చేది అని మీరు నవ్వవచ్చు. నిజమే. కానీ విశ్వవిద్యాలయం లాయరు జడ్జిగారి ముందు నిలబడి 'త్వరలో' అని ఊరుకోలేడు. దిద్దేవాళ్లు తక్కువ, కట్టలు ఎక్కువ అన్నది రెండో అభ్యంతరం. అదీ అబద్ధం కాదు. అయితే కట్టలెన్నో పరీక్ష పెట్టినప్పుడే తెలుసు కదా! 2017లో ముంబై విశ్వవిద్యాలయం లక్షల పేపర్లను కంప్యూటర్ తెరమీద దిద్దిస్తానని బయల్దేరి ఫలితాల్ని నెలల తరబడి ఆపేసింది. అప్పటి కులపతి, మహారాష్ట్ర గవర్నరు, మన కరీంనగర్ మనిషి విద్యాసాగర్‌రావుగారు జూలై 31 గడువు పెట్టారు. గడువు గడువుగానే పోయింది. విద్యార్థులు బొంబాయి హైకోర్టు మెట్లెక్కారు. అక్టోబరులో వైస్ ఛాన్సలర్ పదవి ఊడింది.

అంతదాకా ఎందుకు? నోటిఫికేషన్‌లో ఫీజు గడువు పక్కనే ఫలితం గడువూ అచ్చేయండి. అది దాటితే విద్యార్థికి మీరు చెల్లించే అపరాధ రుసుము ఎంతో కూడా రాయండి. కొత్త పట్టిక అక్కర్లేదు, పాతదే సరిపోతుంది.