నీళ్ల ట్యాంకు

1924లో వచ్చిన మూకీ సినిమా 'షెర్లాక్ జూనియర్'. నిడివి ముప్పావు గంటే. అందులో బస్టర్ కీటన్ సినిమాహాల్లో ప్రొజెక్టర్ ఆడించే కుర్రాడు. డిటెక్టివ్ అయిపోవాలని అతని కోరిక. అనుమానించిన మనిషి వెనకే, అడుగులో అడుగు వేస్తూ వెంబడిస్తాడు. తీరా చూస్తే తానే ఓ గూడ్సు పెట్టెలో ఇరుక్కుంటాడు. పైకప్పులోంచి బయటపడేసరికి బండి కదిలిపోతూ ఉంటుంది.

బండి ముందుకు, కీటన్ వెనక్కి. ఒక పెట్టె మీంచి ఇంకో పెట్టె మీదికి ఉరుకుతూ పరుగు. చివరి పెట్టె కూడా అయిపోయిందనగా, ఇంజన్లకు నీళ్లు పట్టే ట్యాంకు గొట్టానికి వేలాడుతున్న తాడు అందుకుంటాడు. అతని బరువుకి గొట్టం కిందికి వంగుతుంది. నీళ్లు ధారగా మీద పడి అతన్ని పట్టాల మీద పడేస్తాయి. లేచి పరుగో పరుగు. హాలంతా గొల్లున నవ్వు.

డూపు లేడు. నీళ్ల ఉరవడి అనుకున్నదానికన్నా ఎక్కువై, మెడ వెనక భాగం పట్టాకు కొట్టుకుంది. ఆ తర్వాత కొన్నాళ్లు తల పగిలిపోయే నొప్పి. అయినా షూటింగ్ సాగింది.

దెబ్బలు అతనికి కొత్త కాదు. పసితనం నుంచీ అమ్మానాన్నలతో కలిసి నాటకాల వేదికలెక్కాడు. విసిరెయ్యడానికి వీలుగా వీపు మీద ఓ పిడి కుట్టిన బట్టలు తొడిగి, తండ్రి అతన్ని వేదిక ఈ మూల నుంచి ఆ మూలకు విసిరేవాడు. పడ్డాక మొహంలో ఏ భావమూ కనపడనివ్వకపోతే జనం ఇంకా ఎక్కువ నవ్వుతారని అక్కడే నేర్చుకున్నాడు. ఆ నవ్వని మొహమే అతన్ని ప్రపంచ ప్రసిద్ధుణ్ణి చేసింది.

దాదాపు పదేళ్లు గడిచాయి. ఏదో వైద్య పరీక్షలో ఎక్స్‌రే తీసిన డాక్టరు, మెడ ఎప్పుడు విరిగిందని అడిగాడు. ఎప్పుడూ విరగలేదన్నాడు కీటన్. ఎముక విరిగి, దానంతటదే అతుక్కున్న గుర్తు ఎక్స్‌రేలో స్పష్టంగా ఉంది. వెనక్కి లెక్క వేసుకుంటే తేలింది ఆ నీళ్ల ట్యాంకు దగ్గరే.

ఆ షాట్ ఈనాటికీ సినిమాలో ఉంది. నూరేళ్లుగా జనం కడుపుబ్బ నవ్వుతున్నది, ఒక మనిషి మెడ విరిగిన క్షణాన్ని చూసి.