చెవి అందితే పుట్టినట్టే

భారత పాస్‌పోర్టులో అచ్చయిన వివరాన్ని కలంతో దిద్దే వెసులుబాటు ఏ అధికారికీ లేదు కనుక, దిద్దుబాటు అంటే రీఇష్యూయే, అనగా పాత పుస్తకాన్ని రద్దుచేసి కొత్త నంబరుతో మరొకటి ఇవ్వడమే. ఇంటిపేరుకొక గడి, పెట్టినపేరుకొక గడి ఉన్న ఆ దరఖాస్తు పొడి అక్షరాలను ఒప్పుకోదు గానీ, పదో తరగతి మెమో నుంచి శుభలేఖ దాకా వాటితోనే నెట్టుకొచ్చిన తెలుగువారికి ఆ గడుల ముందే ఇంటిపేరు పూర్తిగా గుర్తుకొస్తుంది.

పుట్టినతేదీ కథ మరింత రసవత్తరం. కుడిచేతిని తల మీదుగా పోనిచ్చి ఎడమ చెవిని అందుకున్న పిల్లవాడికి హెడ్మాస్టరు ప్రసాదించిన జూన్ తేదీయే ఉద్యోగానికీ పింఛనుకూ ప్రమాణమై నిలవగా, అసలు తిథి అమెరికాలోని మనవణ్ణి చూడబోయే వేళ బయటపడుతుంది. తల్లి చెప్పిన ‘వరదొచ్చిన ఏడు’ మాత్రం ఏ రుజువుల జాబితాలోనూ కనబడదు. 2023 అక్టోబరు 1న, ఆ తర్వాత పుట్టినవారికి జనన ధ్రువీకరణ పత్రమే ఏకైక రుజువని 2025లో నిబంధన వచ్చింది కాబట్టి, వారి చెవులకు ఆ శ్రమ తప్పింది.

పేరే మార్చుకోదలచినవారు అఫిడవిట్‌తో, అంటే ప్రమాణపూర్వక వాంగ్మూలంతో పాటు దినపత్రికలో ప్రకటన వేయించడం ఆనవాయితీ; టెండర్ల పక్కన చీమ తలకాయంత అక్షరాల్లో వచ్చే ఆ ప్రకటనను చదివేది దాన్ని కత్తిరించుకునే దరఖాస్తుదారు ఒక్కడే, అందులోనూ అచ్చుతప్పు దొర్లితే మరో ప్రకటన రుసుము పత్రికకే.