మోయడం నా పని కాదు: ఒక చక్రం బోల్టు ఆత్మకథ

నా తల మీద 10.9 అని అచ్చు ఉంటుంది. నా జాతకమంతా ఆ అంకెలోనే ఉంది. ఎస్‌యూవీ చక్రాన్ని హబ్బుకు పట్టి ఉంచే బోల్టును నేను. నిజామాబాద్, బోధన్ వైపు బండ్లవాళ్లకు నాకన్నా నట్టే ఎక్కువ పరిచయం. బొలెరో, స్కార్పియో, ఇన్నోవా, ఫార్చ్యూనర్ వంటి బండ్లలో హబ్బు నుంచి స్టడ్లు బయటికి పొడుచుకొని ఉంటాయి. చక్రాన్ని వాటికి తగిలించి పైన నట్టు బిగిస్తారు. జర్మనీ దారి పట్టిన బండ్లలో ఆ స్టడ్లు ఉండవు. హబ్బులో మరలున్న రంధ్రాలు మాత్రమే ఉంటాయి. చక్రం గుండా దూరి వెళ్లి నేనే ఆ రంధ్రంలో తిరిగి కూర్చోవాలి. బీఎండబ్ల్యూ, బెంజ్, ఆడి ఈ పద్ధతివే. 2021లో స్కోడా కుషాక్, ఫోక్స్‌వ్యాగన్ టైగున్ వచ్చాక మధ్యతరగతి ఇళ్ల ముందుకు కూడా నేను వచ్చాను. నన్ను ఎంచుకోవడంలో, మార్చడంలో జరిగే పొరపాట్లన్నిటికీ మూలం ఒక్కటే అని నా నమ్మకం. బండి బరువును నేను మోస్తున్నానని అందరూ అనుకుంటారు. నేను మొయ్యను. చక్రాన్ని హబ్బుకు అదిమి పడతాను, అంతే. ఆ అదుముడు వల్ల రెండు లోహపు ముఖాల మధ్య పుట్టే రాపిడే బరువును మోస్తుంది, బ్రేకును తట్టుకుంటుంది. ఈ ఒక్క సంగతి ఒప్పుకుంటే ఏ బోల్టు కొనాలి, ఎంత బిగించాలి, ఎప్పుడు పారెయ్యాలి అన్నవన్నీ దాని వెంటే తేలిపోతాయి.

లెక్క చూడండి. కుషాక్, టైగున్ బండ్లలో నా మందం 14 మిల్లీమీటర్లు, మరకూ మరకూ మధ్య 1.5 మిల్లీమీటర్లు, బిగించవలసిన టార్క్ 120 న్యూటన్ మీటర్లు. పొడి మర మీద ఆ టార్క్ పెడితే నేను నాలుగు టన్నుల పైచిలుకు బలంతో చక్రాన్ని లోపలికి అదుముతాను. ఒక్కో చక్రానికి ఐదుగురం ఉంటాం కాబట్టి మొత్తం 21 టన్నుల దాకా వస్తుంది. ఒక చక్రం మీద పడే బరువు నాలుగైదు వందల కిలోలే కదా, ఇంత బలం దండగ కాదా అని అడగవచ్చు. బరువొక్కటే అయితే దండగే. కానీ బ్రేకు వేసినప్పుడు రోడ్డు టైరును వెనక్కి లాగుతుంది. టైరు అంచు ఇరుసు నడిమి నుంచి ముప్పై సెంటీమీటర్ల పైన ఉంటుంది; నేను ఉండేది అయిదు సెంటీమీటర్ల దూరంలో. రోడ్డు దగ్గర పుట్టిన లాగుడు నా దగ్గరికి వచ్చేసరికి ఆరింతలవుతుంది. అప్పుడు ఆ 21 టన్నుల్లో మిగులు అంటూ పెద్దగా ఉండదు. ఐదుగురిలో ఇద్దరం వదులైతే చక్రం ముఖం హబ్బు ముఖం మీద కంటికి కనపడనంత జారుతుంది, తిరిగి వస్తుంది. ఆ కదలికకు నేను అటూ ఇటూ వంగుతాను. గట్టి ఉక్కును ఒకసారి లాగి తెంపడం కష్టం. వేలసార్లు కొద్దికొద్దిగా వంచితే మాత్రం మర మొదట్లో సన్నని చీలిక పుట్టి, ఒకరోజు తల ఊడి వస్తుంది. విరిగిన బోల్టును చేతిలో పట్టుకొని ‘బరువు ఎక్కువైంది, ఉక్కు నాసిరకం’ అని తీర్పు చెబుతుంటారు. చాలాసార్లు అసలు కారణం బిగువు తక్కువ కావడమే.

ఉక్కు నాసిరకం కావడం కూడా లేకపోలేదు, అందుకే నా పుట్టుక గురించి చెప్పాలి. నేను ఉక్కు తీగలో పుడతాను. తీగను ముక్కలు చేసి, వేడి చెయ్యకుండానే అచ్చులో గుద్ది తల తెస్తారు. మరను కోసి తియ్యరు. రెండు గట్టి పలకల మధ్య దొర్లించి నొక్కుతారు. కోస్తే ఉక్కు పోగులు తెగిపోతాయి, దొర్లిస్తే అవి మర వంపు వెంటే వంగి నిలుస్తాయి. చీలిక పుట్టే చోటు మర మొదలే కాబట్టి ఈ తేడా చిన్నది కాదు. తరవాత ఎర్రగా కాల్చి నూనెలో ముంచి, మళ్లీ మితంగా కాచి పదును పెడతారు. చివర జింకు పూత. ఆ అచ్చులో 10 అంటే చదరపు మిల్లీమీటరుకు 1000 న్యూటన్లు, అంటే సుమారు వంద కిలోలు లాగితే గాని తెగనని. తరవాతి 9 అంటే ఆ బలంలో 90 శాతం దాకా లాగినా వదలగానే నా పొడవుకు నేను వచ్చేస్తానని. నా మందానికి లెక్కిస్తే పన్నెండు టన్నులకు పైన లాగితే గాని తెగను. హార్డ్‌వేర్ షాపులో అదే మందంలో 8.8 బోల్టు దొరుకుతుంది, తల మీద ఏ అచ్చూ లేనిదీ దొరుకుతుంది. మర కలిసినంత మాత్రాన అది నా తోబుట్టువు కాదు. తళతళలాడే క్రోమియం బోల్టుల మీద కూడా నాకు అనుమానమే. గట్టి ఉక్కుకు ఆసిడ్ తొట్టిలో పూత వేసి, తరవాత సరిగా కాచకపోతే లోపలికి చేరిన హైడ్రోజన్ ఉక్కును పెళుసు చేస్తుంది. పైకి మెరుస్తూనే ఉంటుంది.

ఇక నేను అన్నిటికన్నా ముఖ్యమనుకునే మాట. బిగించినప్పుడు నేను సాగుతాను. సాగిన నేను వెనక్కి రావాలని లాగుతూ ఉండటమే ఆ అదుముడు. ఎంత సాగుతాను? నా తలకూ హబ్బుకూ మధ్య దాదాపు 30 మిల్లీమీటర్లు ఉందనుకుంటే, నాలుగు టన్నులకు నేను సాగేది మిల్లీమీటరులో ఇరవయ్యో వంతు. తలవెంట్రుక మందం కన్నా తక్కువ. నా బలమంతా ఆ వెంట్రుకవాసి సాగుదలలోనే ఉంది. చక్రానికీ హబ్బుకూ మధ్య అంత మందం ఉన్నదేదైనా నలిగి రాలిపోతే నా అదుముడు మొత్తం పోతుంది. నన్ను ఎవరూ తిప్పనక్కర్లేదు, నేను వదులు కానక్కర్లేదు, అయినా పట్టు ఉండదు. నిజాంసాగర్ ఆయకట్టులో నాట్ల కాలం ఎలా ఉంటుందో మీకు తెలుసు. కేజ్ వీల్స్ వేసుకున్న ట్రాక్టర్లు మడిలోంచి రోడ్డెక్కి వర్ని, కోటగిరి, రెంజల్ దారుల పొడవునా నల్లరేగడి బురద రాలుస్తాయి. అక్కడ పంచరైతే చక్రం విప్పి రోడ్డు పక్కన బోర్లా పడేస్తారు. హబ్బుకు ఆనే ముఖానికి మట్టి అంటుకుంటుంది. తడిగా ఉన్నప్పుడు ఆ పొర గట్టిగానే తోస్తుంది, బిగువూ సరిగ్గానే వచ్చినట్టుంటుంది. బ్రేకు వేడికి ఎండి పొడి అయ్యాక కథ మారుతుంది. తుప్పు పొరకూ, కొత్తగా దట్టంగా వేసిన పెయింటుకూ ఇదే లెక్క. కాబట్టి వైర్ బ్రష్‌తో రెండు ముఖాలనూ రుద్దడం శుభ్రత కోసం చేసే పని కాదు, నేను పనిచేయడానికి అదే మొదటి షరతు. చక్రం బిగించాక 50 నుంచి 100 కిలోమీటర్ల లోపు మళ్లీ చూడమనేదీ ఇందుకే. బోధన్ నుంచి నిజామాబాద్ వెళ్లి వస్తే 50 కిలోమీటర్లు అవుతాయి. ఇంటికి రాగానే చూస్తే చాలు. మంచి రోడ్లున్న బ్రిటన్‌లో కూడా లారీల చక్రాల నట్లకు పసుపు ప్లాస్టిక్ బాణాలు తొడుగుతారు, ఒకటి కదిలినా డ్రైవరుకు కనపడాలని. వెనకటి విల్లీస్ జీపుల్లో ఎడమ చక్రాలకు ఎడమ మర నట్లు వేసేవాళ్లు, తిరుగుడుకు వదులు కాకూడదని. తరవాత వచ్చిన కార్లు ఆ పద్ధతిని దాదాపు వదిలేశాయి. అదుముడు సరిగా ఉన్నచోట మర ఏ వైపు తిరిగినా ఒకటే.

అదుముడు ఎంతైనా అది చక్రానికి చేరాలి కదా. చేరేది నా తల కింద ఉన్న పీట గుండానే. కంపెనీ చక్రాలతో వచ్చే ఫోక్స్‌వ్యాగన్, స్కోడా బోల్టుల పీట గుండ్రం, బంతిలో ముక్కలా ఉంటుంది. ఆ వంపు వ్యాసార్ధం 13 మిల్లీమీటర్లు. బెంజ్‌కు 14. బజారులో దొరికే అల్లాయ్ చక్రాలకు ఎక్కువగా కావలసింది 60 డిగ్రీల కోను పీట. గుండ్రటి గుంటలో కోను బోల్టు వేసినా అది బిగుస్తుంది, చేతికి తేడా తెలియదు. కానీ రెండూ ఆనేది సన్నని గీత మీదనే. నాలుగు టన్నులు ఆ గీత మీద పడితే అల్యూమినియం నలుగుతుంది, నలిగిన మేరకు నా సాగుదల తగ్గుతుంది. అల్లాయ్‌లు మార్చుకునేవాళ్లు మరిచిపోయే సంగతి ఇంకొకటి ఉంది. కొత్త చక్రాలకు కోను బోల్టులు వేయించుకున్నారు, బాగుంది. డిక్కీలో ఉన్న స్టెప్నీ మాత్రం కంపెనీదే, దానికి గుండ్రటి పీటే కావాలి. పాత బోల్టులు ఐదింటిని స్టెప్నీతో పాటు సంచిలో కట్టి పెట్టుకోవాలి. పాతసామాను వాళ్లకు ఇవ్వకూడదు.

పొడవు సంగతి తొందరగా చెప్పేస్తాను. నా మందమంత లోతుకు నేను హబ్బులో దిగితే బలానికి లోటు ఉండదు. 14 మిల్లీమీటర్ల బోల్టుకు అది తొమ్మిది చుట్లు. చేత్తో తిప్పుతూ లెక్కపెట్టండి. ఆరేడు చుట్లకే ఆగిపోతే ఆ బోల్టు పొట్టిది, లేదా చక్రం మందం మారింది. మధ్యలో 20 మిల్లీమీటర్ల స్పేసర్ పెడితే నేనూ అంత పొడుగు కావాలి. మరీ పొడుగైతే వెనక బ్రేకు సామానుకు తగులుతాను. బిగిసిన భ్రమ కలుగుతుంది, చక్రం మాత్రం వదులుగానే ఉంటుంది.

‘గట్టిగా బిగిస్తే పోలా’ అన్నది నేను ఎక్కువగా వినే అభ్యంతరం. పానాకు మీటరు పొడుగు పైపు తొడిగి, 75 కిలోల మనిషి దాని కొస మీద నిలబడితే 700 న్యూటన్ మీటర్లు దాటుతుంది. నాకు కావలసింది 120. ఆరు రెట్ల బలానికి నేను తెగుతాను, లేదా హబ్బు మరలు ఊడి వస్తాయి. నేను తెగితే బోల్టుతో పోతుంది. హబ్బు మర పోతే హబ్బే మార్చాలి. స్టడ్ల బండిలో చెడిన స్టడ్డును కొట్టి తీసి ఇంకోటి దిగ్గొట్టవచ్చు. నా బండిలో ఆ వీలు లేదు. అందుకే మొదటి నాలుగు చుట్లు చేత్తోనే తిప్పాలి, లారీ చక్రాలకు వాడే గన్నుతో మొదలుపెట్టనివ్వకూడదు. తుప్పు పట్టకుండా నూనె రాస్తే తప్పేమిటనేది రెండో అభ్యంతరం. మీరు పెట్టే టార్క్‌లో పదింట తొమ్మిది పాళ్లు రాపిడికే ఖర్చవుతుంది, నన్ను సాగదీసేది ఒక్క పాలు. నూనె రాస్తే రాపిడి తగ్గి, అదే 120 దగ్గర నేను ఒకటిన్నర రెట్లు సాగవచ్చు. మాన్యువల్ చెబితే తప్ప మర పొడిగా ఉండాలి. మూడోది అనుభవం మాట: ఇరవై ఏళ్లుగా చేసిన చెయ్యి చెప్పలేదా అని. ఆ చేతి మీద నాకు గౌరవం ఉంది. అడుగు పొడుగు పానా కొసన నలభై కిలోల బరువుతో నొక్కితే దాదాపు 120 వస్తుంది. దారిలో చిక్కుకున్నప్పుడు ఆ కొలత చాలు. అయితే చెయ్యి తెలుసుకోగలిగేది రాపిడినే, సాగుదలను కాదు. తుప్పు మర తొందరగా గట్టిపడుతుంది, నూనె మర ఆలస్యంగా గట్టిపడుతుంది; రెండుచోట్లా చెయ్యి మోసపోతుంది.

ఇవన్నీ పట్నం చదువులు, చెరుకు, వరి పండే చోట ఎవరు పాటిస్తారు అని కొట్టిపారేసేవాళ్లతో నేను ఒప్పుకోను. మంజీర మీద 1931లో నిజాంసాగర్ పూర్తయ్యింది, ఆ నీళ్లకు చెరుకు వచ్చింది, 1937లో బోధన్ శక్కర్‌నగర్‌లో నిజాం షుగర్ ఫ్యాక్టరీ వెలిసింది. చెరుకు రసాన్ని కాచే ఫ్యాక్టరీ అంటే ఆవిరి గొట్టాల అడవి. రెండు గొట్టాలు కలిసే ప్రతి ఫ్లాంజి దగ్గర వలయంగా బోల్టులు ఉంటాయి. ఒకదాన్ని బిగించాక దాని పక్కదాన్ని కాక ఎదురుగా ఉన్నదాన్ని బిగించాలి, ఒకేసారి కాక రెండు మూడు విడతల్లో బిగించాలి, వేడెక్కాక మళ్లీ చూడాలి. లేకపోతే ఆవిరి కారుతుంది. నన్ను చక్రానికి బిగించవలసిన తీరు అచ్చంగా ఇదే. 2015 డిసెంబరులో ఫ్యాక్టరీ మూతపడింది గానీ, ఈ విద్య ఈ నేలకు కొత్తది కాదు. ఫిట్టరు పని తెలిసిన ఊళ్లో టార్క్ రెంచి పట్టడం ఎవరికీ తలకు మించిన పని కాదు, ఆ రెంచి ఒక ఎస్‌యూవీ టైరు ధర కన్నా తక్కువకే దొరుకుతుంది.

ఎప్పుడు మార్చాలో చెప్పి ముగిస్తాను. చేత్తో సాఫీగా తిరగనప్పుడు, పీట మీద గాట్లు పడ్డప్పుడు, తల అంచులు అరిగి పానా జారుతున్నప్పుడు, మర ఒకచోట సన్నబడినట్టు కనపడినప్పుడు నన్ను పారెయ్యండి. ఒక చక్రానికి ఒక బోల్టు విరిగితే ఆ చక్రం బోల్టులన్నీ మార్చండి. విరిగినదాని వంతు కష్టాన్ని అప్పటిదాకా పడ్డది మిగతా నలుగురే, వాళ్లలో చీలిక ఎంత దూరం పోయిందో కంటికి కనపడదు. కొనేటప్పుడు పాత బోల్టును వెంట తీసుకెళ్లి మందం, మర, పీట, పొడవు, తల మీది అంకె ఐదూ పోల్చుకోండి. దొంగల భయానికి తాళం బోల్టు వేయించుకుంటే దాని తాళంచెవి ఇంట్లో కాక బండిలోనే ఉంచండి. మీ బండి మాన్యువల్‌లో ఉన్న టార్క్ అంకెను తెలుగులో పెద్ద అక్షరాలతో రాసి స్టెప్నీ మూత లోపలివైపు అతికించండి. రాత్రిపూట ఎడపల్లి దగ్గర పంచరు వేసే కుర్రాడికి ఆ అంకె ఎవరూ చెప్పి ఉండరు.