డెబ్బై ఒక్క పైసల మావయ్య

గృహప్రవేశానికి వెళ్లేవాళ్లు గోడగడియారం పట్టుకెళ్తారు. కడియం వాళ్లయితే మొక్క పట్టుకెళ్తారు. కడియం మావయ్య మొక్కతోపాటు ఒక లెక్క కూడా పట్టుకెళ్తారు. మొక్క గుమ్మం పక్కన పెట్టి, కాళ్లు కడుక్కుని, పాలు పొంగేదాకా ఓపిగ్గా కూర్చుని, పాయసం గ్లాసు చేతికి రాగానే ఇంటాయన్ని పక్కకి పిలుస్తారు. పిలవడం పక్కకే గానీ మాట మాత్రం పెరట్లో వంటవాళ్లకి కూడా వినపడుతుంది.

"అప్పెంత తీశావురా? ఎన్నేళ్లకి? వడ్డీ ఎంత?"

ఈ మూడూ ఇదే వరసలో వస్తాయి. అవతలివాడు రెండోదానికి జవాబు వెతుక్కుంటూ ఉండగానే మావయ్య జేబులోంచి శుభలేఖ తీసి వెనక్కి తిప్పేస్తారు. గృహప్రవేశం శుభలేఖలకి వెనకవైపు ఖాళీగా వదిలేది తనకోసమేనని ఆయన నమ్మకం.

ప్రతి కుటుంబంలోనూ ఇలాంటి మావయ్య ఒకరుంటారు. కొందరికి బాబాయి, కొందరికి ఆఫీసులో పక్క సీటు. ఈ వ్యాసకర్తకి మాత్రం సాక్షాత్తూ మేనమామ. కడియపులంక దాటాక కాలవ పక్కన ఆయనకో నర్సరీ ఉంది. మరీ పెద్దది కాదు. గులాబీలు, క్రోటన్లు, మామిడి అంట్లు. లారీకెన్ని కవర్లు పడతాయో, ఎండల్లో బెంగళూరు చేరేలోపు నూటికెన్ని వాడతాయో మనసులోనే లెక్కేసి చెప్పేస్తారు. కొత్త సంవత్సరం వస్తే మొక్కల్ని అంకెలుగా పేర్చి ముచ్చటపడే ప్రాంతం అది. మావయ్యకి గనక అధికారమిస్తే ఊళ్లో ప్రతి కొత్త డాబా ముందూ, ఆ ఇంటికి చివరాఖరికి అయ్యే ఖరీదుని బంతిమొక్కలతో పేర్పించి ఉండేవారు.

ఆయనకి 'డెబ్బై ఒక్క పైసల మావయ్య' అన్న బిరుదు ఎలా వచ్చిందో చెప్పాలంటే మన వడ్డీ భాష గురించి కాస్త చెప్పుకోవాలి. గోదావరి జిల్లాల్లో వడ్డీని శాతాల్లో మాట్లాడుకోరు. నూటికి నెలకి ఎన్ని రూపాయలు, అంతే. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి పన్నెండు శాతం. రెండు రూపాయలంటే ఇరవై నాలుగు. బ్యాంకువాళ్లొచ్చి "ఎనిమిదిన్నర శాతమండి" అంటే పెద్దవాళ్లు గుండె పట్టుకుంటారు. నెలకి ఎనిమిదిన్నర అనుకుని! అప్పుడు మావయ్య రంగంలోకి దిగి, ఎనిమిదిన్నరని పన్నెండుతో భాగించి, "డెబ్బై ఒక్క పైసల వడ్డీ" అని ప్రకటిస్తారు. సభలో హాయిగా నిట్టూర్పులు. "రూపాయి కూడా లేదా! ఊరికే ఇచ్చినట్టేగదండీ!" అంటారు ఎవరో ఒకరు. ఆ మాట కోసమే కాచుక్కూర్చున్నట్టు మావయ్య కలం టోపీ తీస్తారు.

ఆయన దగ్గర సెల్‌ఫోను యాపులేమీ ఉండవు. జేబు డైరీలో చివరి పేజీన ఎక్కాలు రాసినట్టు ఒక పట్టిక ఉంటుంది. ఎనిమిదిన్నర శాతం మీద, లక్షకి: పదిహేనేళ్లయితే నెలకి 985, ఇరవై ఏళ్లయితే 868, ముప్పై ఏళ్లయితే 769. మిగతాది గుణకారమే. 30 లక్షలు, ఇరవై ఏళ్లు అన్నారనుకోండి, వాయిదా 26,035. దాన్ని 240 నెలలతో హెచ్చవేసి అంకె కింద రెండు గీతలు గీస్తారు. 62 లక్షల 48 వేలు.

"డాబా ఒకటే కనపడతంది గానీ నువ్వు కట్టేది రెండురా. ఒకటి నీకు, ఒకటి బ్యాంకోడికి."

పాయసం అక్కడితో చేదెక్కుతుంది. ఇంటావిడ లోపలికెళ్లిపోతుంది. మావయ్య మాత్రం అప్పుడే వేడెక్కుతారు. మామిడిచెట్టుకి బదనిక పట్టడం తెలుసుగా? ఎరువు మనం వేస్తాం, చెట్టు పీలుస్తుంది, కొమ్మ మీద కూర్చున్న బదనిక పచ్చగా ఉంటుంది. మొదటి నెల కట్టే 26,035లో 21,250 బదనికకే. వేరుకి అందేది 4,785. పదేళ్లు ఒక్క నెలా తప్పకుండా కట్టి, మొత్తం 31 లక్షల 24 వేలు పోశాక బ్యాంకుకెళ్లి అడిగితే బాకీ ఇంకా 21 లక్షలుంటుంది. తీసుకున్నది 30, కట్టింది 31, ఉన్నది 21. ఈ మూడు అంకెల్నీ ఆయన సత్యనారాయణస్వామి వ్రతకథలా చెబుతారు, మధ్యలో ఆగి, వినేవాళ్ల ముఖాలు చూసి. వాయిదాలో సగానికి పైగా అసలులోకి పోవడం మొదలయ్యేది 143వ నెలలోనట, అంటే పన్నెండేళ్లకి ఒక్క నెల తక్కువ.

ఎవరైనా తెలివిగా "ముప్పై ఏళ్లు పెట్టించుకుంటే నెలకి తేలిక కదండీ" అన్నారంటే వాళ్ల పని అయిపోయినట్టే. నెలకి మూడు వేలు తగ్గుతుంది, నిజమే. చివరికి కట్టేది 83 లక్షలు దాటుతుంది. నెలకి మూడు వేల తేలిక కోసం ఇరవై లక్షల పైచిలుకు బరువు.

వ్యాసకర్త ఇల్లు 2023లో పూర్తయింది. ఆ ఏడు శ్రావణం రెండుసార్లు వచ్చింది. అధిక శ్రావణంలో ముహూర్తాలు లేవని పంతులుగారు ఆగమన్నారు. ముహూర్తం ఆగింది గానీ వాయిదా ఆగలేదు, అద్దె కూడా ఆగలేదు. నిజ శ్రావణంలో ఎట్టకేలకు పాలు పొంగించే వేళకి మావయ్య ఆ నెల అద్దెని కూడా కలుపుకుని కాగితంతో సిద్ధంగా ఉన్నారు. రిజిస్ట్రేషన్ ఖర్చు నూటికి ఏడున్నర, అదీ కలిపారు. బ్యాంకువాళ్లు అప్పుతోపాటు అంటగట్టిన బీమా పాలసీ సంగతి వ్యాసకర్త నోరుజారి చెప్పేశాడు. ప్రీమియం 60 వేలు, చేతిలోంచి కట్టక్కర్లేదు, అప్పులోనే కలిపేశారు. మావయ్య కళ్లు మెరిశాయి. "అంటే ఆ 60 వేలకీ ఇరవై ఏళ్ల వడ్డీయేగా? లక్షా పాతిక వేలు కడతావు. నువ్వు పోతే ఇల్లు మిగలడానికి తీసుకున్న బీమా, నువ్వుండగానే తినేత్తంది." ఈ మాట వ్యాసకర్త మామగారి చెవిన పడింది. ఆయన ఆ రోజు భోజనంలో రెండో వడ్డన వేయించుకోలేదు. ఈ వ్యాసానికి అసలు కారణం అదే అని ఎవరైనా అంటే, కాదనడానికి వ్యాసకర్త దగ్గర ఆధారాలు లేవు.

చిరాకు ఏమిటంటే ఆయన చెప్పింది తరచూ నిజమవుతుంది. హైదరాబాదు నిజాంపేటలో ఇంకో మేనల్లుడు 2021లో ఫ్లాటు కొన్నాడు. ఏడు శాతానికే దొరికిందని, అంటే యాభై ఎనిమిది పైసలేనని, మావయ్యకి స్వయంగా ఫోను చేసి వెక్కిరించాడు. 30 లక్షలకి వాయిదా 23,259. "తేలే వడ్డీయా, నిలబడే వడ్డీయా?" అనడిగారు మావయ్య. తేలేదే. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రిజర్వు బ్యాంకు రెపో రేటుని ఆరుసార్లు పెంచి, నాలుగు శాతం నుంచి ఆరున్నరకి తీసుకెళ్లింది. కుర్రాడి వడ్డీ తొమ్మిదిన్నరయింది. వాయిదా మాత్రం మారలేదు, ఎంత మంచి బ్యాంకో అని మురిసిపోయాడు. మారింది గడువు. ఆ 23,259లో వడ్డీయే 22,800 దాకా పోతోంది, అసలుకి జమయ్యేది నాలుగొందల చిల్లర. ఆ లెక్కన తీరాలంటే ఇంకా నలభై ఏళ్లు పైనే కావాలి. "మనవడి గృహప్రవేశానికి నీ అప్పు తీరద్దిలే" అని మావయ్య ఓదార్చారు. తర్వాత వాయిదా కూడా పెరిగింది. వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచుకుంటారో, గడువు పెంచుకుంటారో, కొంత ముందే కట్టేస్తారో అప్పు తీసుకున్నవాడినే అడగాలని రిజర్వు బ్యాంకు చెప్పింది 2023 ఆగస్టు 18న. ఆ రోజుకి నిజ శ్రావణం మొదలై రెండో రోజు. మావయ్య దీన్నీ ముహూర్త బలంలో వేసుకున్నారు.

2024 అక్టోబరు నుంచి ఆయన్ని పట్టడం మరీ కష్టమైంది. కొత్తగా అప్పిచ్చే ప్రతి బ్యాంకూ, అన్ని ఖర్చులూ కలిపి అసలు వడ్డీ ఎంత పడుతుందో, ఏ నెల వాయిదాలో అసలెంత వడ్డీ ఎంతో, ఒక పత్రం మీద ముందే రాసివ్వాలన్న నిబంధన అప్పటినుంచి అమల్లోకొచ్చింది. శుభలేఖల వెనక తాను ఇన్నాళ్లూ చేసిన సేవని రిజర్వు బ్యాంకు గుర్తించిందనే ఆయన అభిప్రాయం. ఆ పత్రాన్ని సంతకం చేసేవాళ్లెవరూ చదవరనీ, ఆ పూట ఇల్లొస్తోందన్న సంబరంలో ఇరవై చోట్ల సంతకం పెట్టి బయటికొచ్చి జిలేబీ కొనుక్కుంటారనీ చెబితే నొచ్చుకుంటారు.

ఆయన్ని ఓడించింది ఒక్కరే, సొంత కోడలు. రాజమండ్రిలో ఆడిటరు దగ్గర పనిచేస్తుంది, మాట మెత్తన. "మావయ్యగారూ, ఇరవయ్యో ఏడు కట్టే 26 వేలూ, ఇప్పటి 26 వేలూ ఒకటేనాండీ? ధరలు ఏటా ఆరు శాతం పెరుగుతాయనుకుంటే చివరి వాయిదా ఇప్పటి ఎనిమిది వేలంత. ఇరవై ఏళ్ల కిందట గులాబీ మొక్క ఎంతకమ్మారు, ఇప్పుడెంతకమ్ముతున్నారు? పైగా ఇల్లు కొనకపోతే అద్దె ఎవరు కడతారండీ, ఆ లెక్క ఏ శుభలేఖ మీద వేశారు?" మావయ్య డైరీ చివరి పేజీ చూశారు. ముందు పేజీ చూశారు. అంతలో ఎక్కడో లారీ డ్రైవరు తనకోసం ఫోను చేస్తున్నట్టు ఆయనకి గుర్తొచ్చింది.

అసలు గుట్టు విప్పింది అత్తయ్య. ఒకరోజు తోటకూర ఒలుస్తూ, "ఊరందరిళ్లూ లెక్కేత్తారు గానీ, మనింటి లెక్క అడగండర్రా" అంది. మావయ్య బ్యాంకు గడప తొక్కలేదు, నిజమే. 1996 నవంబరు తుపానుకి పెంకులన్నీ ఎగిరిపోతే తెలిసినాయన దగ్గర లక్ష రూపాయలు తెచ్చి డాబా మొదలుపెట్టారు. రెండు రూపాయల వడ్డీ. రెండే కదా! అంట్లు కట్టుకునేవాడికి చేతిలో సొమ్ము ఎప్పుడాడుతుందో తెలీదు, వడ్డీ కట్టలేదు. ప్రోనోటుకి మూడేళ్లు దాటితే చెల్లదు గనక 1999లో తిరగరాశారు, వడ్డీని అసల్లో కలిపి: లక్షా 72 వేలు. 2002లో మళ్లీ మూడేళ్లయ్యేసరికి 2 లక్షల 95 వేల పైచిలుకు. ఇంకోసారి తిరగరాయడానికి ధైర్యం చాల్లేదు. రోడ్డు పక్కనున్న ఇరవై సెంట్లు అమ్మి తీర్చేశారు.

ఆ ఇరవై సెంట్లలో ఇప్పుడు వేరేవాళ్ల నర్సరీ ఉంది. రోజూ అటే వెళ్లాలి. ఆ మలుపు దగ్గరకొచ్చేసరికి మావయ్య మోటారుసైకిలు మీద తల కాలవ వైపు తిప్పుకుని నడుపుతారు. అక్కడి గోతులన్నీ తెలిసినా ఆ ఒక్కచోటే రోజూ గోతిలో దింపుతారు. వెనక కూర్చున్న ప్రతిసారీ నడుం పట్టేసి తిట్టుకున్న వ్యాసకర్తకి, అత్తయ్య చెప్పాకే ఆ గొయ్యి ఎక్కడుందో అర్థమైంది.

ఇక వ్యాసకర్త సంగతి. ఏటా ఒక్క వాయిదా అదనంగా కట్టు, గడువులో మూడేళ్ల పైచిలుకు తగ్గుతుంది, తేలే వడ్డీ గృహరుణాన్ని ముందే కట్టినా జరిమానా వెయ్యకూడదని 2012 నుంచే నిబంధన ఉంది అని మావయ్య వంద సార్లు చెప్పారు. మొదటి ఏడు ఆ డబ్బుతో రెండు తలుపుల ఫ్రిజ్ వచ్చింది. రెండో ఏడు తిరుపతి వెళ్లొచ్చారు. 2025లో రెపో ఆరున్నర నుంచి ఐదుంపావుకి దిగినప్పుడు వాయిదా అలాగే ఉంచితే అప్పు త్వరగా తీరుతుందని తెలిసీ, వాయిదానే తగ్గించుకున్నాడు. ఇంత చేసినవాడు మొన్న ఒక సహోద్యోగి గృహప్రవేశంలో పాయసం గ్లాసు పట్టుకుని, "ఎన్నేళ్లకి తీసుకున్నావేంటి?" అని పక్కకి పిలిచాడు. భార్య మోచేత్తో పొడవకపోతే శుభలేఖ వెనక్కి తిరిగేదే.

మావయ్య తెచ్చిన మొక్క సంగతి మిగిలిపోయింది. వ్యాసకర్త గృహప్రవేశానికి ఆయన గులాబీ తేలేదు, అంటు మామిడీ తేలేదు. తాటిటెంక తెచ్చారు. స్వయంగా ప్రహరీ మూల పాతి, "ఇది కాపుకి రావాలంటే పన్నెండేళ్లయినా పడద్ది. ఇది కాసిన ఏడు నీ వాయిదాలో అసలు సగమవుద్ది. బ్యాంకుకెళ్లక్కర్లేదు, దీన్ని చూసుకో చాలు" అన్నారు.

ఆ తర్వాత వచ్చిన సంక్రాంతికే మళ్లీ వచ్చారు. ప్రహరీ మూల గొయ్యి ఉంది, టెంక లేదు. పిల్లలు తేగ తవ్వుకుని భోగిమంటలో కాల్చేశారు.

"అసలే తినేశారేంట్రా!" అన్నారు మావయ్య. పిల్లల చేతిలో మిగిలిన సగం ముక్క తీసుకుని, పీచు లాగుతూ అరుగు మీద కూర్చున్నారు. తేగ లోపలి చందమామ ఎవరు తిన్నారని విచారించారు. తర్వాత కాస్సేపటికి, "ఇంతకీ ఈ నెల అసల్లోకి ఎంత పోయింది?" అని అడిగారు.

"4,957," అన్నాడు వ్యాసకర్త, ఫోను చూడకుండానే.