ఆది తాళంలో ద్రుతం లేదు

నా చేతుల మీదుగా అచ్చులోకి వెళ్ళిన తప్పులు లెక్కలేనన్ని. వాటిలో చాలావాటి పాపాన్ని కంపోజిటరు మీదో, అరిగిపోయిన టైపు మీదో, ప్రెస్సులో గుడ్డి బల్బు మీదో తోసేసి హాయిగా నిద్రపోయాను. ఒక్కటి మాత్రం ఎవరి నెత్తినా రుద్దడానికి వీల్లేనిది. తప్పును చూడక వదిలేస్తే అది కన్ను చేసిన నేరం. ఒప్పును వెతికి పట్టుకుని మరీ తప్పుగా దిద్దితే దాన్నేమనాలి?

1987. పగలు బడిలో తెలుగు చెప్పుకుంటూ, సాయంత్రం ఆరు నుంచి తొమ్మిది దాకా విజయవాడ గవర్నర్‌పేటలో ఒక ప్రెస్సులో ప్రూఫులు దిద్దేవాణ్ణి. ఉభయభాషాప్రవీణ పట్టా అప్పటికి ఆరేళ్ళ పాతది, దాని వేడి మాత్రం ఇంకా చల్లారలేదు. చిన్నయసూరి 1858లో బాలవ్యాకరణం వెలువరించింది సరిగ్గా నాలాంటివాడి కోసమేనని గట్టి నమ్మకం. నిద్రలో లేపి అడిగినా సంధి పరిచ్ఛేదం అప్పజెప్పేవాణ్ణి. కంపోజిటర్లు ఎదురుగా 'మాస్టారూ' అనేవాళ్ళు, వెనక 'సూత్రంగారు' అనేవాళ్ళట. ఆ రెండోది తెలిసినప్పుడు కూడా లోలోపల సంతోషించాననే చెప్పాలి.

సంక్రాంతికి ముందు ఒక వీణ టీచరమ్మ సంగీతం కొత్తగా నేర్చుకునే పిల్లల కోసం రాసిన చిన్న పుస్తకం తెచ్చారు. 48 పేజీలు, 500 ప్రతులు. పుష్య బహుళ పంచమికి త్యాగరాజ ఆరాధన కదా, తిరువయ్యారు వెళ్తున్నానని, తిరిగొచ్చేసరికి పుస్తకం చేతిలో ఉండాలని, పిల్లలకు పరీక్షలు దగ్గర పడ్డాయని చెప్పారు. చివరి ప్రూఫు ఆవిడ చూసుకునే వీలు లేదు. యజమాని నా వైపు చెయ్యి చూపించి, "మా మాస్టారున్నారు కదమ్మా, పొల్లు కూడా పోదు" అన్నాడు. నేను వినయంగా తల వంచాను. ఆ వంచడంలో ఎంత పొగరుందో ఇప్పుడు తలచుకుంటే సిగ్గేస్తుంది.

పదకొండో పేజీలో ఇలా ఉంది: ఆది తాళము, ఒక లఘువు, రెండు ద్రుతములు. కింద గుర్తులు: ఒక నిలువు గీత, రెండు సున్నలు.

నా పెన్సిలు ఆగిపోయింది. ఎందుకాగిందో తెలియాలంటే నాకు తెలిసిన ద్రుతం ఏమిటో చెప్పాలి. తెలుగు వ్యాకరణంలో ద్రుతమంటే నకారం. వచ్చెన్, నాకున్, పూచెన్ అన్నప్పుడు మాట చివర తోకలా వేలాడే న్. ఆ తోక ఉన్నవి ద్రుతప్రకృతికాలు, లేనివి కళలు. పూచెన్ పక్కన కలువలు వచ్చి నిలబడితే కకారం కాస్తా గకారమవుతుంది. ఇక ఆ న్ ఉందే, దానికొక రూపమంటూ ఉండదు. నిండు సున్న అవుతుంది, అరసున్న అవుతుంది, పక్క అక్షరానికి అతుక్కుపోతుంది, కాదంటే 'ను' అయి తన మానాన తాను నిలబడుతుంది. ఈ నాలుగు వేషాలూ బల్ల మీద బెత్తంతో కొట్టి మరీ పిల్లలకు నేర్పినవాణ్ణి నేను.

మరి 'ఆది తాళము' అన్న మాటలో నకారం ఎక్కడుంది? కూడబలుక్కుని చదివాను. ఆ, ది, తా, ళ, ము. మకారముంది గానీ నకారం లేదు. పోనీ లఘువైనా సరిపోయిందా? ఆ గురువు, ది లఘువు, తా గురువు, ళ లఘువు, ము లఘువు. మొత్తం మూడు లఘువులు. ఒకటే అంటారేమిటీవిడ? పాపం, వీణ మీద వేళ్ళు బాగానే నడుస్తాయేమో గానీ ఛందస్సు తెలియదు, వ్యాకరణం అసలే తెలియదు అనుకున్నాను. జాలి కూడా వేసింది. ఆ జాలితోనే అంచున శుభ్రంగా దిద్దాను: 'ఆది తాళము: లఘువులు మూడు, గురువులు రెండు, ద్రుతము లేదు.' సున్నలు రెండూ కొట్టేశాను.

అక్కడితో ఆగి ఉంటే కొంత పరువు దక్కేది. రూపక తాళం కూడా సరిచేశాను: లఘువులు నాలుగు, గురువులు రెండు, ద్రుతము లేదు. ఝంప తాళం దగ్గర నిలువు గీత, దాని పక్కన యు ఆకారపు గుర్తు, ఆ పక్కన సున్న ఉన్నాయి. ఛందస్సులో నిలువు గీత లఘువు, యు గురువు. లఘువు ముందు, గురువు వెనక వస్తే వగణం. 'ఝంప' అన్న మాటలో గురువు ముందుంది, లఘువు వెనక ఉంది, అంటే హగణం. గుర్తులు తారుమారు చేసి, పక్కన 'గణదోషం' అని కూడా రాశాను. కంపోజిటరు కుర్రాడు, "ఇన్ని దిద్దుబాట్లేంటి మాస్టారూ, ఆవిడ రాసింది ఆవిడకి తెలీదా?" అన్నాడు. నాలుగో తరగతితో చదువాపేసిన కుర్రాడు. ఆ రోజు ఆ ప్రెస్సులో బుద్ధి ఉన్న మాట మాట్లాడింది వాడొక్కడే.

ఆవిడ తిరిగొచ్చారు. వారం తర్వాత ఒక సాయంత్రం పుస్తకం చేత్తో పట్టుకుని ప్రెస్సు మెట్లెక్కారు. నేను గ్యాలీ ప్రూఫు మీద వంగి ఉన్నాను. "ఇది దిద్దింది మీరేనా మాస్టారూ?" అన్నారు. గొంతులో కోపం లేదు. అందుకే నాకు మరింత ధైర్యం వచ్చింది. "నేనేనమ్మా. వ్రాతప్రతిలో కొన్ని పొరపాట్లు దొర్లాయి..."

ఆవిడ ఎదురుగా స్టూలు లాక్కుని కూర్చున్నారు. "ఒకసారి కుడి అరచెయ్యి తొడ మీద వేయండి" అన్నారు. వేశాను. "తట్టండి. ఇప్పుడు చిటికెన వేలు, ఉంగరపు వేలు, నడిమి వేలు. నాలుగైంది. ఇది లఘువు. ఇంకోసారి తట్టండి. చెయ్యి వెల్లకిలా తిప్పండి. రెండైంది. తట్టడం ఘాతం, తిప్పడం విసర్జితం. ఈ రెండూ కలిస్తే ద్రుతం. మళ్ళీ తట్టండి, తిప్పండి. ఇంకో ద్రుతం. మొత్తం ఎన్ని?"

"ఎనిమిది" అన్నాను.

"అదే ఆది తాళం" అన్నారు.

ట్రెడిలు మిషను ఆగింది. కంపోజిటర్లు టైపు కేసుల వెనక నుంచి మెడలు సాచి చూస్తున్నారు. నేను తొడ మీద చెయ్యి వెల్లకిలా పెట్టుకుని, అడుక్కునేవాడిలా కూర్చుని ఉన్నాను. ఆ భంగిమలో ఉండి కూడా, "మరి ద్రుతమంటే నకారం కదమ్మా?" అన్నాను.

ఆవిడ నవ్వారు. చెడ్డ నవ్వు కాదు. "మా ఇంట్లో అది రెండక్షరాల కాలమండీ. దానికన్నా చిన్నది అనుద్రుతం, ఒక్క ఘాతమే. మీరు గురువనుకుని తిరగేసిన గుర్తు అదే. గురువు మాకూ ఉన్నాడు, ఎనిమిది అక్షరాలవాడు. లఘువు మూడు నుంచి తొమ్మిది దాకా అయిదు రకాలు." లఘువు, గురువు, ప్లుతం అన్న మాటలు ఛందస్సులోనూ ఉన్నవే, కానీ తాళం వాళ్ళకు లఘువు కన్నా చిన్న కొలతలు కూడా కావలసి వచ్చాయని, లఘువులో సగం ద్రుతమనేది పాత లెక్క అని ఆవిడ చెబుతుంటే, నా కళ్ళు పదకొండో పేజీ మీదే ఉన్నాయి. ఆ పేజీ 500 సార్లు అచ్చయింది.

లేవబోతూ ఆవిడ ఒక ప్రశ్న వేశారు. "మీ వ్యాకరణంలో నకారాన్ని ద్రుతం అని ఎందుకంటారు మాస్టారూ?"

నా దగ్గర జవాబు లేదు.

నిజంగా సిగ్గుపడ్డది అక్కడ. తాళం తెలియకపోవడం తప్పేమీ కాదు, ఊళ్ళో ముప్పాతిక మందికి తెలియదు. పదేళ్ళుగా నోరారా పలుకుతున్న నా మాటకే అర్థం తెలియదే! ద్రుతమంటే నకారమని తెలుసు. ద్రుతమంటే ఏమిటో తెలియదు. సంజ్ఞ నేర్చుకున్నాను గానీ, అది ఒకప్పుడు మామూలు విశేషణమని, దానికీ ఒక పుట్టిల్లు ఉంటుందని తట్టలేదు.

ఆ రాత్రి నిఘంటువు తిరగేశాను. ధాతువు 'ద్రు'. పరుగెత్తడం ఒక అర్థం, కరగడం మరో అర్థం. ద్రవం, ద్రావణం, ఉపద్రవం, అన్నీ ఆ కడుపున పుట్టినవే. ద్రుత అంటే పరుగెత్తినది, కరిగినది. ఒక చోట నిలవనిదంతా ద్రుతమే. తాళంలో చటుక్కున తీరిపోయే కొలతకు ఆ పేరు సరిపోయింది. మా నకారానికి మాత్రం సరిపోదా? వచ్చెన్ అంటే ఉంటుంది, వచ్చె అంటే జారిపోతుంది, సున్నగా కరుగుతుంది, అరసున్నగా ఇంకా కరుగుతుంది. ఆ పేరు పెట్టినవారి మనసులో ఇదే ఉందో లేదో గానీ, నాకు ఆ రాత్రి అలా అనిపించి ఊరట కలిగింది. నాలుగు వేషాలూ బెత్తంతో నేర్పిన నేను, వాటన్నిటికీ కరగడమే కారణం కావచ్చునని ఏనాడూ అనుకోలేదు.

మరో సంగతి కూడా ఆ రాత్రే చెవిన పడింది. ద్రుతవిలంబితమని ఒక వృత్తం ఉంది. నభభర గణాలు, పాదానికి పన్నెండు అక్షరాలు, యతి ఏడో అక్షరం. ఇదీ నేను పాఠం చెప్పిన తీరు. పేరును ఒక్కసారి పైకి పలికి చూడండి. ద్రు, త, వి అని మూడు లఘువులు గబగబా పరుగెత్తి, 'లం' దగ్గరికొచ్చేసరికి కాళ్ళు బరువెక్కి నిలబడతాయి. పేరే వృత్తంలో మొదటి ఆరక్షరాల నడక. ఏటేటా పిల్లల చేత గణవిభజన చేయించాను, ఒక్క ఏడైనా ఆ పేరును వినలేదు.

అంత జ్ఞానోదయమయ్యాక బాగుపడ్డానని అనుకుంటారు. లేదు. కొత్తగా తెలిసినవాడు పాతగా తెలియనివాడి కన్నా ప్రమాదం. ఆ ఏడాదే ఒక పెద్దాయన అలంకారశాస్త్ర వ్యాసాలు అచ్చుకొచ్చాయి. 'మాధుర్య గుణం వల్ల చిత్తద్రుతి కలుగుతుంది' అని ఉంది. ద్రుతమంటే వేగమని బుర్రలో కొత్తగా గూడు కట్టుకుని ఉంది కదా, తీయని పద్యం వింటే మనసుకు తొందరెందుకు పుడుతుందని ఆలోచించి, కంపోజిటరు పొరపాటనుకుని 'చిత్తధృతి' అని దిద్దాను. మమ్మటుడు కావ్యప్రకాశంలో చెప్పింది మనసు కరగడం గురించి. నేను దాన్ని మనసు బిగపట్టడంగా మార్చేశాను. కావ్యప్రకాశం నాకు పరీక్షలో పాఠ్యగ్రంథం కూడా. పెద్దాయన ఒక కార్డు రాశారు. అందులో నన్ను తిట్టలేదు. తన వ్యాసం చదివి ఎవరి మనసూ కరగకుండా కాపాడినందుకు కృతజ్ఞతలు చెప్పారు.

ఆ తర్వాత భయం పట్టుకుంది. ద్రుతం కనబడితే పెన్సిలు పక్కన పెట్టేవాణ్ణి. ఒక ఆయుర్వేద వైద్యుడి రసశాస్త్రం పుస్తకంలో 'అభ్రకధృతి' అని నాలుగు చోట్ల పడింది. ఏ శాస్త్రంలో ఏముందో, మనకెందుకని తల వంచుకుని వదిలేశాను. అభ్రకాన్ని కరిగించి ద్రవంగా నిలిపే ప్రక్రియను వాళ్ళు అభ్రకద్రుతి అంటారు. ఈసారి నిజంగానే కంపోజిటరు పొరపాటు.

వీణ టీచరమ్మ పుస్తకానికి తప్పొప్పుల చీటీ నా ఖర్చుతో వేయించాను. 500 చీటీలు. మైదా జిగురు కాచుకుని, రెండు ఆదివారాలు కూర్చుని పదకొండో పేజీలో ఒక్కొక్కటే అతికించాను. అతికిస్తుంటే ఆవిడ వచ్చి కాసేపు సాయం పట్టారు. నా పట్టా పేరు అడిగి, ప్రవీణుడంటే మొదట వీణ బాగా వాయించేవాడని, ఆ తర్వాతే ఏ పనిలోనైనా నేర్పరికి ఆ పేరు వచ్చిందని అంటారు తెలుసా అన్నారు. తెలుసు. లక్షణకు ఉదాహరణగా నేనే పాఠం చెప్పాను. తల ఎత్తకుండా జిగురు పూస్తూ కూర్చున్నాను.

ఈ మధ్య ఏలూరు రోడ్డులో పాత పుస్తకాల కుప్పలో ఆ పుస్తకం కనబడింది. అట్ట ఊడిపోయింది. పది రూపాయలిచ్చి తీసుకుని, అక్కడే నిలబడి పదకొండో పేజీ తెరిచాను. నా మైదా జిగురు ఇన్నేళ్ళు ఆగుతుందా? చీటీ రాలిపోయి, జిగురు మరక పసుపుపచ్చగా మిగిలింది. దాని పైన స్పష్టంగా 'ద్రుతము లేదు' అన్న అచ్చు. ఏ విద్యార్థినో గానీ, ఆ వాక్యాన్ని పెన్సిలుతో అడ్డంగా కొట్టేసి, నిలువు గీత, రెండు సున్నలు వేసింది. కింద గుండ్రటి చేతిరాతలో ఒక మాట:

'దిద్దినవారికి ఒక ఘాతం, ఒక విసర్జితం.'